‘కరుణామయుడు’ వెనుక మన సీమ బిడ్డ

తిరుపతి ప్రాంతంలో పుట్టి, మూడు భాషల తెరను ఏలిన దర్శకుడు భీమ్‌సింగ్
చివరి చిత్రం విడుదల కాకముందే కన్నుమూత

పలమనేరు: క్రిస్మస్ సమీపించిందంటే తెలుగు పల్లెల్లో ఒక చిత్రం పేరు తప్పక వినిపిస్తుంది. నాలుగున్నర దశాబ్దాలు దాటినా దానికి ఆదరణ తగ్గలేదు. చర్చి ముంగిట, బడి ఆవరణలో, రచ్చబండ పక్కన తెల్లటి తెర కట్టి ఆ చిత్రాన్ని ప్రదర్శించిన రోజులు నడివయసు దాటిన వారికి గుర్తే. అదే 1978లో విడుదలైన ‘కరుణామయుడు’. అందులో క్రీస్తు పాత్ర ధరించిన విజయచందర్‌ను జనం ఇట్టే గుర్తుపడతారు. దర్శకత్వం వహించిన ఎ.భీమ్‌సింగ్ పేరు మాత్రం చాలామంది నోట రాదు. ఆయన ఉమ్మడి చిత్తూరు జిల్లాలోని తిరుపతి ప్రాంతంలో పుట్టినవారన్న సంగతి తెలిసినవారు ఇంకా తక్కువ. దక్షిణాదిన కుటుంబ కథా చిత్రాలకు ఒరవడి దిద్దిన ఈ దర్శకుడు తన చివరి చిత్రం విడుదలను చూడకుండానే వెళ్లిపోయారు. థియేటర్లు లేని ఊళ్లకు సైతం నడిచి వెళ్లింది ఆ చివరి చిత్రమే.

పత్రికా కార్యాలయం నుంచి చిత్రసీమకు

భీమ్‌సింగ్ 1924 అక్టోబరు 15న జన్మించారు. అప్పటికి చిత్తూరు జిల్లా ఏర్పడి పదమూడేళ్లు. ఉత్తర ఆర్కాటు, కడప జిల్లాల నుంచి కొన్ని తాలూకాలను విడదీసి 1911లో ఈ జిల్లాను ఏర్పాటు చేశారు. అందుకే తెలుగు, తమిళం ఇక్కడ ఇరుగుపొరుగు ఇళ్లలా కలిసి మెలిసి ఉంటాయి. పలమనేరు, కుప్పం వైపు వస్తే వాటికి కన్నడం కూడా తోడవుతుంది. రాజపుత్ర మూలాలున్న కుటుంబంలో పుట్టి, తెలుగు నేల మీద పెరిగి, తమిళంలో పేరు తెచ్చుకుని, హిందీలో అగ్ర తారలను నడిపించిన భీమ్‌సింగ్ జీవితంలో ఈ సరిహద్దు సీమ స్వభావమే కనిపిస్తుంది.

ఆయన తొలి ఉద్యోగం సినిమాలో కాదు. 1938లో మద్రాసులో మొదలైన ‘ఆంధ్రప్రభ’ దినపత్రికలో ఆయన పనిచేశారు. అప్పట్లో తెలుగు పత్రికలకు, తెలుగు సినిమాకు, తమిళ సినిమాకు మద్రాసు నగరమే కేంద్రం. పత్రికా కార్యాలయంలో పనిచేసే యువకుడికి స్టూడియోల గేటు ఎంతో దూరంలో ఉండేది కాదు. అక్షరాల లోకం నుంచి ఆయన అడుగు చిత్రాల లోకం వైపు పడింది.

అక్కడ ఆయనకు గురువులుగా దొరికినవారు కృష్ణన్, పంజు. ఇద్దరూ కలిసి ఒకే పేరుగా చిత్రాలు తీసిన జంట దర్శకులు. శివాజీ గణేశన్‌ను తెరకు పరిచయం చేసిన ‘పరాశక్తి’ (1952) వారి చేతిలో రూపుదిద్దుకున్నదే. వారి వద్ద భీమ్‌సింగ్ చిత్ర కూర్పు విభాగంలో సహాయకుడిగా చేరారు. కృష్ణన్ సోదరి సోనాను వివాహమాడి ఆ కుటుంబంలో ఒకరయ్యారు. తర్వాతి కాలంలో నటి సుకుమారిని కూడా ఆయన వివాహం చేసుకున్నారు.

కూర్పు గదిలో నేర్చుకున్న విద్య దర్శకుడికి జీవితాంతం అక్కరకు వస్తుంది. ఏ దృశ్యం ఎంతసేపు నిలవాలి, కన్నీటి ఘట్టాన్ని ఎక్కడ తుంచితే ప్రేక్షకుడి గుండెలో అది కొనసాగుతుంది అన్న లెక్క అక్కడే పట్టుబడుతుంది. భీమ్‌సింగ్ చిత్రాల్లో సెంటిమెంటు పాలు ఎక్కువని విమర్శించినవారు ఉన్నారు. ఆ సెంటిమెంటును ఆయన కొలిచి వడ్డించారన్నది మాత్రం ఆ చిత్రాల విజయాలే చెబుతాయి.

‘ప’ అక్షరంతో విజయ పరంపర

దర్శకుడిగా ఆయన తొలి చిత్రం ‘అమ్మైయప్పన్’ 1954లో వచ్చింది. దానికి రచన కరుణానిధి. 1956లో శివాజీ గణేశన్, పద్మినిలతో ‘రాజా రాణి’ తీశారు. 1958లో వచ్చిన ‘పతిభక్తి’తో ఆయన దశ తిరిగింది. అక్కడి నుంచి ఆయన చిత్రాల పేర్లు వరుసగా ‘ప’ ధ్వనితో మొదలు కావడం తమిళ సినీ చరిత్రలో ఒక ముచ్చటగా మిగిలిపోయింది. ‘భాగ పిరివినై’, ‘పడిక్కాద మేధై’, ‘పావ మన్నిప్పు’, ‘పాశమలర్’, ‘పాలుం పళముం’, ‘పార్త్తాల్ పసి తీరుం’, ‘పడిత్తాల్ మట్టుం పోదుమా’, ‘పచ్చై విళక్కు’, ‘పళని’... ఈ జాబితా అంతా 1959 నుంచి 1965 లోపుదే. తమిళ లిపిలో ‘ప’కూ ‘భ’కూ ఒకే అక్షరం కావడంతో ‘భాగ పిరివినై’ కూడా ఆ వరుసలోనే చేరింది.

శివాజీ గణేశన్ కథానాయకుడు, విశ్వనాథన్-రామమూర్తి సంగీతం, కణ్ణదాసన్ పాటలు, భీమ్‌సింగ్ దర్శకత్వం. ఈ కలయిక కుదిరితే థియేటరు నిండినట్లేనని పంపిణీదారులు నమ్మిన కాలమది. ఒక్క 1961లోనే ‘పావ మన్నిప్పు’, ‘పాశమలర్’, ‘పాలుం పళముం’ మూడూ వచ్చి, మూడూ ఘనవిజయం సాధించాయి. ఉమ్మడి కుటుంబం ముక్కలు కావడాన్ని చూపిన ‘భాగ పిరివినై’ ఉత్తమ తమిళ చిత్రంగా జాతీయ పురస్కారం అందుకుంది.

ఈ చిత్రాలు తెలుగువారికి కొత్తవి కావు. పేర్లు మారి, నటులు మారి వాటిలో కొన్ని తెలుగులోకి వచ్చాయి. ‘భాగ పిరివినై’ కథ 1961లో తాపీ చాణక్య దర్శకత్వంలో ‘కలసి ఉంటే కలదు సుఖం’గా వచ్చింది. ‘పడిక్కాద మేధై’ 1962లో ‘ఆత్మబంధువు’ అయింది. అన్నాచెల్లెళ్ల అనుబంధానికి నేటికీ ఉదాహరణగా చెప్పుకొనే ‘రక్తసంబంధం’ (1962) భీమ్‌సింగ్ తీసిన ‘పాశమలర్’కు తెలుగు రూపమే. మూడింటిలోనూ ఎన్.టి.రామారావు, సావిత్రి నటించారు. తెలుగు ఇళ్లలో మూడు తరాలు కన్నీళ్లు పెట్టుకుని చూసిన ఈ కథలకు తొలి రూపమిచ్చిన దర్శకుడు తెలుగు సీమలోనే పుట్టినవాడన్నది అప్పట్లో ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. సరిహద్దు ఊళ్ల ప్రేక్షకులకు మాత్రం రెండు రూపాలూ అందుబాటులో ఉండేవి. తమిళ మాతృకను ఒకసారి, తెలుగు చిత్రాన్ని మరోసారి చూసి పోల్చుకునే అవకాశం ఈ ప్రాంతానికి దక్కింది.

ఒకరు వదిలిన పనిని పూర్తి చేసి...

భీమ్‌సింగ్ జీవితంలో చెప్పుకోదగిన ఘట్టం ‘కళత్తూర్ కన్నమ్మ’. ఏవీఎం సంస్థ నిర్మించిన ఈ చిత్రానికి మొదట తెలుగు దర్శకుడు తాతినేని ప్రకాశరావు పనిచేశారు. కొంత చిత్రీకరణ జరిగాక ఆయన తప్పుకోవడంతో ఆ బాధ్యత భీమ్‌సింగ్ మీద పడింది. ఒకరు మొదలుపెట్టిన చిత్రాన్ని మరొకరు పూర్తి చేయడం కత్తి మీద సాము. మొదటివారి ధోరణిని చెడగొట్టకూడదు, తన ముద్ర లేకుండానూ పోకూడదు. 1960 ఆగస్టులో విడుదలైన ఆ చిత్రం విజయవంతమైంది. అనాథ బాలుడి పాత్రలో కనిపించిన చిన్నారి కమల్‌హాసన్‌కు అదే తొలి చిత్రం. ఆ నటనకు రాష్ట్రపతి బంగారు పతకం లభించింది. పద్దెనిమిదేళ్ల తర్వాత విధి ఈ కథను తిరగరాసింది. భీమ్‌సింగ్ సగంలో వదిలి వెళ్లిన చిత్రాన్ని ఇతరులు పూర్తి చేయవలసి వచ్చింది.

మూడు మతాలు, ఒక ఇల్లు

భీమ్‌సింగ్ తన సొంత నిర్మాణ సంస్థకు ‘బుద్ధా పిక్చర్స్’ అని పేరు పెట్టుకున్నారు. ఆ సంస్థ ఏవీఎంతో కలిసి నిర్మించిన ‘పావ మన్నిప్పు’ ఆయన మనోధర్మాన్ని పట్టి ఇచ్చే చిత్రం. ఆ పేరుకు పాప క్షమాపణ అని అర్థం. హిందూ ఇంట పుట్టిన పసివాడు ముస్లిం వైద్యుని చేతుల్లో పెరిగి రహీమ్ అవుతాడు. క్రైస్తవ ఇంట పెరిగిన మేరీని ప్రేమిస్తాడు. డబ్బు పిచ్చి పట్టిన ఒక పెద్దమనిషి అతనిపై కక్షగట్టి ముఖాన యాసిడ్ పోయిస్తాడు. తాను నాశనం చేయబూనినది సొంత కొడుకునే అని ఆ పెద్దమనిషికి చివర తెలుస్తుంది. కొడుకు క్షమించడంతో కథ ముగుస్తుంది.

రహీమ్‌ను పెంచిన ఇస్మాయిల్ పాత్రను ధరించిన నటుడు కూడా ఈ జిల్లా పేరును ఇంటిపేరుగా మార్చుకున్నవారే. ఆయన చిత్తూరు వి.నాగయ్య. పోతన, త్యాగయ్య, వేమన పాత్రలతో తెలుగువారికి ఆరాధ్యుడైన నాగయ్య ఇక్కడ ముస్లిం పెద్దగా అంతే ఒద్దికగా ఒదిగిపోయారు. జిల్లాతో అనుబంధమున్న దర్శకుడు, నటుడు కలిసి పనిచేసిన ఈ చిత్రానికి 1961 సంవత్సరపు జాతీయ అవార్డుల్లో అఖిల భారత స్థాయిలో ద్వితీయ ఉత్తమ చిత్రంగా యోగ్యతాపత్రం లభించింది. ఒక తమిళ చిత్రానికి ఆ స్థాయి గుర్తింపు అప్పట్లో అరుదు.

ఆ కథను భీమ్‌సింగ్ అంతటితో వదల్లేదు. 1970లో తానే తెలుగులో ‘ఒకే కుటుంబం’గా తీశారు. నటుడు నాగభూషణం దానికి నిర్మాత, ఎన్.టి.రామారావు కథానాయకుడు. 1976లో రామారావుతోనే ‘బంగారు మనిషి’ తీశారు. తమిళంతో పోలిస్తే ఆయన నేరుగా తెలుగులో తీసిన చిత్రాలు తక్కువే. మాతృసీమ భాషలో ఆయన చెప్పదలచిన మాట మాత్రం ‘ఒకే కుటుంబం’ అన్న పేరులోనే ఉంది. గుడి, మసీదు, చర్చి వేరైనా ఇల్లు ఒకటే అన్నది ఆ చిత్ర సారాంశం.

హిందీ తెర మీదా అదే ముద్ర

దక్షిణాది కథలకు ఉత్తరాదిన గిరాకీ పెరిగిన రోజుల్లో భీమ్‌సింగ్ బొంబాయి తారలకు కూడా దర్శకుడయ్యారు. ‘కళత్తూర్ కన్నమ్మ’ కథను 1962లో ‘మై చుప్ రహూంగీ’గా, ‘పాశమలర్’ను అదే ఏడాది ‘రాఖీ’గా తీశారు. 1965లో సునీల్‌దత్, నూతన్‌లతో తీసిన ‘ఖాన్‌దాన్’ ‘భాగ పిరివినై’కి హిందీ రూపం. ఆ తర్వాత దిలీప్‌కుమార్‌తో ‘ఆద్మీ’ (1968), ‘గోపీ’ (1970) వచ్చాయి. పెళ్లయిన తర్వాత దిలీప్‌కుమార్, సైరాబాను తెరపై జంటగా కనిపించిన చిత్రం ‘గోపీ’. 1974లో సంజీవ్‌కుమార్ తొమ్మిది పాత్రలు పోషించిన ‘నయా దిన్ నయీ రాత్’కూ ఆయనే దర్శకుడు. మలయాళంలో ‘రాగం’ (1975) వంటి చిత్రాలు చేశారు. దక్షిణాది దర్శకుడు హిందీ అగ్ర కథానాయకులను వరుసగా నడిపించడం ఆ రోజుల్లో చిన్న విషయం కాదు.

డెబ్బయ్యో దశకం మధ్యకు వచ్చేసరికి ప్రేక్షకుల అభిరుచి మారింది. కన్నీటి కుటుంబ కథల కాలం వెనకబడుతున్నదన్న మాట వినవచ్చింది. యాభై దాటిన దర్శకుడు ఆ మార్పును చూసి పక్కకు తప్పుకోలేదు. జయకాంతన్‌కు సాహిత్య అకాడెమీ పురస్కారం తెచ్చిన ‘శిల నేరంగళిల్ శిల మనితర్గళ్’ నవలను తెరకెక్కించారు. అత్యాచారానికి గురై, సమాజం వేసిన ముద్రను మోస్తూ బతికే ఉద్యోగిని కథ అది. పాటల హంగు, కన్నీటి పొంగు తగ్గించి, మాటకు, మౌనానికి చోటిచ్చిన ఈ చిత్రం 1977లో విడుదలైంది. నటి లక్ష్మికి జాతీయ ఉత్తమ నటి పురస్కారం దక్కింది. పాతికేళ్లు ఒక ధోరణిలో నడిచిన దర్శకుడు చివరి దశలో తనను తాను మార్చుకోగలిగాడనడానికి ఇదే సాక్ష్యం.

గురువు రాసిన కథ, దర్శకుడి చివరి చిత్రం

ఈ దశలోనే ‘కరుణామయుడు’ ఆయన చేతికి వచ్చింది. క్రీస్తు జీవితాన్ని తెలుగులో పూర్తిస్థాయి చిత్రంగా తీయాలన్న సంకల్పం నటుడు విజయచందర్‌ది. ఆయన ఆంధ్రకేసరి టంగుటూరి ప్రకాశం పంతులు కుటుంబానికి చెందినవారు. నిర్మాణ భారాన్నీ, క్రీస్తు పాత్రనూ ఆయనే భుజాన వేసుకున్నారు. స్క్రిప్టును రూపొందించినది ఫ్రాన్సిస్కన్ సభకు చెందిన క్యాథలిక్ గురువు ఫాదర్ క్రిస్టఫర్ కొయెల్హో. దర్శకత్వ బాధ్యతలోనూ భీమ్‌సింగ్ పేరు పక్కన ఆయన పేరు కనిపిస్తుంది. బలిపీఠం వద్ద నిలిచే గురువు స్టూడియో దీపాల మధ్య నిలవడం, కుటుంబ కథల దర్శకుడు సువార్త కథను చేపట్టడం తెలుగు చిత్రసీమకు కొత్త అనుభవమే.

ఇద్దరి పనికీ పొత్తు కుదిరిన తీరు చిత్రంలో కనబడుతుంది. గ్రంథానికి ఎడం కాకుండా చూడటం గురువు బాధ్యత. పామరుడికి కూడా మనసుకెక్కేలా చెప్పడం దర్శకుని బాధ్యత. హాలీవుడ్‌లో వచ్చిన క్రీస్తు చిత్రాలు భారీ సెట్లతో, వేల మంది జనంతో అబ్బురపరిచేవి. ‘కరుణామయుడు’కు అంత హంగు లేదు. తల్లి కడుపుకోత, మిత్రుడి ద్రోహం, నిందను మౌనంగా మోయడం, చివరకు క్షమించడం అన్న నాలుగు మెట్లమీద ఆ కథ నిలిచింది. ఇవన్నీ భీమ్‌సింగ్ ఇరవై ఏళ్లుగా తన కుటుంబ చిత్రాల్లో చెబుతూ వచ్చినవే. ‘పావ మన్నిప్పు’లో కొడుకు తండ్రిని క్షమిస్తే, ఇక్కడ శిలువ మీది మనిషి తనను శిక్షించిన లోకాన్నే క్షమిస్తాడు. అందువల్లనే బైబిలు చదవనివారు కూడా ఈ చిత్రాన్ని తమ ఇంటి కథలా చూడగలిగారు.

నటవర్గంలో జగ్గయ్య, చంద్రమోహన్, సురేఖ, రాజసులోచన వంటి తెలిసిన ముఖాలు ఉండటం మరో అనుకూలత. న్యాయమూర్తి పీఠం మీద కూర్చున్న పిలాతు జగ్గయ్య కంచు కంఠంతో తెలుగులో మాట్లాడుతుంటే ప్రేక్షకుడికి పరాయి దేశపు కథ అన్న భావన రాదు. మోదుకూరి జాన్సన్ రచించి, ఎస్.పి.బాలసుబ్రహ్మణ్యం ఆలపించిన శిలువ యాత్ర గీతం నేటికీ చర్చిల్లో, ఊరేగింపుల్లో వినిపిస్తూనే ఉంది.

చిత్ర నిర్మాణం మాత్రం ఒక పట్టాన సాగలేదు. డబ్బు ఇబ్బందులతో ఆగుతూ, మళ్లీ కదులుతూ ముందుకు నడిచింది. అది పూర్తి కాకముందే 1978 జనవరి 16న భీమ్‌సింగ్ కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు యాభైమూడేళ్లు. ఇక మిగిలిన పని చిత్ర బృందం మీద పడింది. వారు దానిని ముగించి అదే ఏడాది డిసెంబరు 21న, క్రిస్మస్ ముంగిట విడుదల చేశారు. తాతినేని ప్రకాశరావు వదిలిన చిత్రాన్ని ఒద్దికగా ఒడ్డుకు చేర్చిన దర్శకుడికి చివరకు అదే రుణం తీరినట్లయింది.

తెరపై క్రీస్తు కథకు పాత చరిత్ర

భారతీయ సినిమా పుట్టుకకూ క్రీస్తు కథకూ సంబంధం ఉంది. బొంబాయిలో క్రీస్తు జీవిత చిత్రాన్ని చూస్తున్నప్పుడే దాదాసాహెబ్ ఫాల్కేకు మన పురాణ పురుషులను తెరపై చూపాలన్న తలంపు కలిగింది. అది 1913లో ‘రాజా హరిశ్చంద్ర’గా రూపు దాల్చింది. దక్షిణాదిన 1905లో రైల్వే గుమాస్తాగా ఉన్న స్వామికణ్ణు విన్సెంట్ ఒక ఫ్రెంచి వ్యక్తి వద్ద ప్రొజెక్టరును, దానితోపాటు క్రీస్తు జీవిత చిత్రాన్ని కొని ఊరూరా డేరాలు వేసి ప్రదర్శించారు. పల్లెటూళ్లకు సినిమా వెళ్లిన తొలి దారుల్లో అదొకటి. డెబ్బయి ఏళ్ల తర్వాత ‘కరుణామయుడు’ మళ్లీ ఆ దారినే పట్టింది.

ఈ ప్రాంతానికీ క్రైస్తవ మిషన్‌తో నూటయాభై ఏళ్లకు పైబడిన అనుబంధం ఉంది. అమెరికాకు చెందిన ఆర్కాటు మిషన్ తరఫున డాక్టర్ జేకబ్ చాంబర్లేన్ 1860 దశకంలో పలమనేరులోనూ, ఆపైన మదనపల్లెలోనూ పనిచేశారు. తెలుగు నేర్చి బైబిలు అనువాద సంఘంలోనూ పాల్గొన్నారు. మదనపల్లె చెంత ఆరోగ్యవరం క్షయ చికిత్సాలయం 1915లో మిషన్ల చొరవతోనే వెలసింది. వైద్యం, చదువు మోసుకొచ్చిన దారిలోనే తర్వాతి కాలంలో పాస్టర్లు, ఫాదర్లు ప్రొజెక్టరు పెట్టెలనూ మోసుకొచ్చారు.

ఊరి నడుమ తెర

థియేటర్లలో ‘కరుణామయుడు’ ఆడిన కాలం ఒక ఎత్తు, థియేటరు దాటాక సాగిన ప్రయాణం మరో ఎత్తు. సినిమా హాళ్లలో వాడే 35 ఎంఎం రీళ్లు బరువైనవి, వాటికి పెద్ద యంత్రాలు కావాలి. అందులో సగం వెడల్పు కూడా లేని 16 ఎంఎం ప్రింటు అయితే చిన్న ప్రొజెక్టరుతో నడుస్తుంది. రీళ్ల డబ్బాలు, ప్రొజెక్టరు, ఒక తెర, ఒక జనరేటరు జీపులో సర్దుకుంటే కరెంటు లేని పల్లెలోనైనా ప్రదర్శన వేయవచ్చు. అమెరికాకు చెందిన జాన్ గిల్మన్ స్థాపించిన డేస్ప్రింగ్ ఇంటర్నేషనల్ సంస్థ ఈ చిత్రాన్ని చేపట్టి, ప్రదర్శన బృందాలతో దేశమంతటా తిప్పింది. హిందీలో ‘దయాసాగర్’గా, ఇంకా పలు భారతీయ భాషల్లోకి చిత్రం అనువాదమైంది. పండుగ రోజుల్లో టెలివిజన్ తెర మీదికీ వచ్చింది.

పల్లెల్లో ప్రదర్శన అంటే అది ఊరందరి పండుగ. చీకటి పడ్డాక తెరకు ముందు కొందరు, చోటు చాలక వెనుక కొందరు కూర్చునేవారు. వెనుకవారికి బొమ్మ కుడి ఎడమలుగా కనిపించినా ఎవరూ లేచి వెళ్లేవారు కాదు. రీలు మార్చే విరామంలో పాస్టరు నాలుగు మాటలు చెప్పేవారు. చూసేవారిలో క్రైస్తవులు కానివారే ఎక్కువగా ఉండే ఊళ్లూ ఉండేవి. మత ప్రచారానికి సినిమాను వాడటం సబబా కాదా అన్న చర్చ అప్పుడూ ఉంది, ఇప్పుడూ ఉంది. ఆ చర్చ ఎటు తేలినా ఒక సంగతి నిజం. బోధకుడి మాట కోసం రానివారు కూడా బొమ్మ కోసం వచ్చారు. వచ్చినవారిని చివరిదాకా కూర్చోబెట్టినది దర్శకుడి పనితనం.

క్రీస్తు పాత్ర ప్రభావం విజయచందర్‌ను జీవితాంతం వెన్నంటింది. 1980లో బాపు దర్శకత్వంలో వచ్చిన ‘రాజాధిరాజు’లో ఆయన మళ్లీ క్రీస్తుగా కనిపించారు. 1986లో ‘శ్రీ షిర్డీ సాయిబాబా మహత్యం’లో సాయిబాబా అయ్యారు. ఒకే నటుడిని చర్చిలోనూ, సాయి మందిరంలోనూ జనం భక్తితో చూడటం తెలుగునేల మీదే సాధ్యమైంది. ‘ఒకే కుటుంబం’ తీసిన దర్శకుడి ఆశయానికి ఇది అనుకోని కొనసాగింపు.

పేరు మిగలాలి

భీమ్‌సింగ్ వారసత్వం ఇంట కూడా నిలిచింది. కుమారుడు బి.లెనిన్ చిత్ర కూర్పులో జాతీయ అవార్డులు అందుకుని, తండ్రి అడుగులు మొదలైన గదిలోనే తన కీర్తిని నిర్మించుకున్నారు. మరో కుమారుడు బి.కణ్ణన్ భారతీరాజా చిత్రాలకు ఛాయాగ్రాహకుడిగా పేరు పొంది 2020లో మరణించారు. సుకుమారి వందలాది చిత్రాల్లో నటించి, 2003లో పద్మశ్రీ అందుకుని, 2013లో కన్నుమూశారు.

తమిళులు భీమ్‌సింగ్‌ను ‘ప’ చిత్రాల దర్శకుడిగా గుర్తుంచుకున్నారు. హిందీవారు దిలీప్‌కుమార్ చిత్రాల జాబితాలో ఆయన పేరు చదువుతారు. తెలుగువారికి ఆయన ఇచ్చినవి రెండు రకాలు. ‘రక్తసంబంధం’, ‘కలసి ఉంటే కలదు సుఖం’, ‘ఆత్మబంధువు’ కథలు పరోక్షంగా ఇచ్చినవి. ‘కరుణామయుడు’ నేరుగా ఇచ్చినది. మొదటి రకం చిత్రాలపై దర్శకుడిగా మరొకరి పేరు ఉంటుంది. రెండోదానిపై ఆయన పేరే ఉన్నా, పల్లె తెర మీద పేర్లు పడేవేళకు జనం ఇంకా చోటు వెతుక్కుంటూ ఉండేవారు. అందుకే ఆ పేరు చూపుకు ఆనలేదు.

ఆ రోజుల 16 ఎంఎం రీళ్లు గీతలు పడి అరిగిపోయాయి. ప్రొజెక్టర్లు మూలన పడ్డాయి. చిత్రం మాత్రం సెల్‌ఫోన్లలోకి చేరి ఇప్పుడు ఎవరికి వారు చూసుకునే వస్తువైంది. తిరుపతి, చిత్తూరు వేర్వేరు జిల్లాలైనా పుట్టిన నేల మారదు. ఈసారి క్రిస్మస్ వేళ ఆ చిత్రం చూసేవారు మొదట్లో వచ్చే పేర్లను ఒక్క క్షణం ఆగి చదివితే చాలు. విడుదలకు పదకొండు నెలల ముందే కాలం చేసిన సీమ బిడ్డ ఒకరు అక్కడ కనిపిస్తారు.